ఎనిమిదో కథ

రెండు వేల సంవత్సరం జనవరిలో, తేదీ మారగానే ఆగిపోతాయని అందరూ భయపడ్డ కంప్యూటర్లేవీ ఆగిపోలేదు. ఆగిపోకుండా చూసిన మా సాఫ్ట్‌వేర్ టెస్టర్ల కాంట్రాక్టులు మాత్రం ఆగిపోయాయి. నా వీసా ఉద్యోగంతో ముడిపడి ఉంది. కొద్ది వారాల్లో ఇంకో కంపెనీ స్పాన్సర్ చేయకపోతే నేనూ నా భార్యా సిడ్నీ వదిలి వెళ్లిపోవాలి. ఆవిడ తెనాలిలో టీచరు ఉద్యోగం మానేసి వచ్చి అప్పటికి ఐదు నెలలు.

ఉద్యోగాలు చూసిపెట్టే ఏజెంటు తాత్కాలికంగా ఒక వీడియో కంపెనీకి పంపాడు. పెద్దలకు మాత్రమే అమ్మే సీరీసులు తీస్తారు వాళ్లు. ప్రతి స్క్రిప్టూ చదివి, కథ, పాత్రలు, స్థలం కేటలాగులోకి ఎక్కించాలి. ఇంట్లో డేటాబేస్ పని అని చెప్పాను. అబద్ధం కాదు.

కథల లెక్కలు నేను ఎవరి దగ్గరా నేర్చుకోలేదు. కనబడ్డదల్లా లెక్కపెట్టడం అలవాటు, అంతే. అరవై రెండు స్క్రిప్టులు చదివాక తేలింది: కథలు ఏడే. ప్లంబరు వస్తాడు, పిజ్జా వస్తుంది, అద్దె ఇల్లు చూడటానికి ఎవరో వస్తారు. రెండో పేజీ నుంచి అన్నీ ఒకటే. పైపు బాగుపడిన కథ ఒక్కటీ లేదు. టెస్టరును కనక దాన్ని లోపంగా రాసి మేనేజరుకు ఇచ్చాను.

ఆవిడ యాభై దాటిన మనిషి. కళ్లజోడు పైకి తోసి నవ్వింది.

"ఏడున్నాయా, మేట్? నేను ఒకటే అనుకున్నా. ఎనిమిదోది శుక్రవారానికి రాసుకురా. నచ్చితే నీ స్పాన్సర్ కాగితాలు ఆ రోజే సంతకం పెడతా."

ఆదివారం హారిస్ పార్క్‌లో మా ఫ్లాటులో, భోజనాల బల్ల మీద ఆ ఎనిమిదో కథ కోసం పట్టిక గీస్తున్నాను. పక్కనున్న ప్లంబరు స్క్రిప్టు మా ఆవిడ చేతికి దొరికింది.

"ఏవండీ, ఇదేనా డేటాబేసు?"

"ఇదే."

"మా నాన్నగారికేమో బ్యాంకు ప్రాజెక్టని చెప్తున్నాను."

ఆవిడ పేజీ తిప్పింది.

"కథలో ఈవిడకి ఇరుగూపొరుగూ లేరా? ప్లంబరొస్తే మంచినీళ్లయినా ఇవ్వదేం? కనీసం పేరడగలేదు!"

"రెండో పేజీకి మాటలైపోవాలి."

"అసలు మొదలైతేగా!" అని కుర్చీ లాక్కుంది. "రాయండి. మొగుడూ పెళ్లాలు. ఒక్క గది ఫ్లాటు. ఎప్పుడు తలుపేసుకున్నా ఎవరో ఒకరు బెల్లు కొడతారు. ఇల్లు దొరికేదాకా వారం ఉంటామని సూట్‌కేసులతో దిగుతారు."

"ఇది మనింటి సంగతే కదా?"

"అందుకేగా వాళ్ల ఏడింట్లో లేదు."

శుక్రవారం మేనేజరు మేం రాసిన కథను నిలబడే మొత్తం చదివింది. మధ్యమధ్య పైకే నవ్వింది.

"చాలా బాగుంది. కానీ మా కస్టమరు రిమోటు చేత్తో పట్టుకుని కూర్చుంటాడు. మాటలొస్తే ముందుకు తిప్పేస్తాడు. ఇందులో చివరి పేజీ తప్ప ఇంకేం మిగలదు."

అప్పుడే అడుగునున్న పట్టిక ఆవిడ కంటబడింది. వచ్చేవాళ్లు తొమ్మిది రకాలు, సాకులు ఆరు, గదులు ఐదు. హెచ్చిస్తే రెండు వందల డెబ్బై కథలు.

"నెలకు రెండు తీస్తే పదకొండేళ్లు దాటుతాయి," అన్నాను గర్వంగా.

"అద్భుతం!" అని చెయ్యి కలిపింది. నేను జేబులోంచి స్పాన్సర్ కాగితాలు తీశాను. ఆవిడ ముఖం మారిపోయింది.

"కేటలాగు పూర్తిచేశావు. కథలు పదకొండేళ్లకు ఇచ్చేశావు. ఇంక నీకేం పని చెప్పను, మేట్?"

మూడు నెలల్లో రెండోసారి, పని లోపం లేకుండా ముగించి ఇంటికొచ్చాను.

మా ఆవిడ స్టవ్ ఆపింది. "కథ బాలేదందా?"

"బాగుందంది."

"మరి?"

జరిగింది చెప్పాను. ఆవిడ నా ఎదురుగా కూర్చుని, "కథలో ఎక్కడెక్కడ నవ్విందో చెప్పండి," అంది.

మూడో పేజీలో ఒకసారి, ఐదులో రెండుసార్లు, ఆరులో సూట్‌కేసుల దగ్గర అని వరసగా చెప్పాను. తిరుగు టికెట్ల సంగతి మర్నాడు మాట్లాడుకున్నాం.