రెండు అర్థాల మాట

ఒక మాటకి అర్థం చెప్పాను. నేను చేసిన తప్పు అదే. ఇంతేనా అనకండి. ఇరవై ఏళ్ళు దాటిపోయినా ఆ అర్థం నా గుండెల మీంచి దిగలేదు. మా ఆవిడకి తెలియదు, పాస్టర్ గారికి తెలియదు. నేనెవరో మీకు తెలియదు కాబట్టి మీకు చెబుతున్నాను. పేరు మాత్రం అడక్కండి.

ప్రతి ఆదివారం చర్చిలో అందరం కలిసి ఒప్పుకోలు ప్రార్థన చదువుతాం. అందులో అంతా 'మేము'. ఎంత సుఖమైన మాటో అది! వందమంది మధ్యలో దూరి కూర్చోవచ్చు. 'నేను' అనడానికి నాకు ఇన్నేళ్ళు పట్టింది. ధైర్యం వచ్చి కాదు, మోసే ఓపిక అయిపోయి.

తొంభై ఎనిమిదిలో కాన్‌బెర్రా వచ్చాను. వైటూకే రోజులు. రెండు వేల సంవత్సరం రాగానే కంప్యూటర్లు దాన్ని పంతొమ్మిది వందలు అనుకుని తలకిందులైపోతాయని లోకమంతా హడలిపోతున్న కాలం. అమీర్‌పేటలో మూడు నెలలు కోబాల్ నేర్చుకున్న ప్రతివాడూ విమానం ఎక్కాడు, నేనూ ఎక్కాను. ఒక ప్రభుత్వ శాఖలో కాంట్రాక్టు పని. నా రెజ్యూమేకి అయిదేళ్ళ అనుభవం ఉంది, నాకు లేదు. మొదటి వారంలోనే దొరికిపోవలసినవాణ్ణి. దొరక్కుండా కాపాడినవాడు బ్రాంకో.

ఆఫీసులో పక్క సీటు, ఇంటి దగ్గర పక్క ఫ్లాటు. యాభైకి దగ్గరపడ్డ మనిషి. సెర్బియా వాడు. డాన్యూబ్ నది ఒడ్డున నోవీ సాద్ అని వాళ్ళ ఊరు. యుగోస్లావియా ముక్కలవుతున్నప్పుడు ఒక్కడే బయటపడి వచ్చేశాడు. రోజూ పొద్దున్నే ఎవరూ రాకముందు వచ్చి నా ప్రోగ్రాముల్లో తప్పులు దిద్దేవాడు. ఆ సంగతి ఎవరితోనూ అనేవాడు కాదు. నన్ను 'కొమ్షియా' అని పిలిచేవాడు. అంటే వాళ్ళ భాషలో పొరుగువాడా అని.

నేను అతనికి నేర్పింది ఒకటే మాట. అదీ నేర్పాలని నేర్పలేదు. ప్రోగ్రాం పడిపోయినప్పుడల్లా నా నోట్లోంచి "తగలెయ్య!" అని వచ్చేది. అది మా నాయనమ్మ ఆస్తి. పాలు పొంగినా తగలెయ్య, కరెంటు పోయినా తగలెయ్య. నాకు ఇంజనీరింగులో సీటొస్తే కూడా "తగలెయ్య, ఇంత తెలివి ఎక్కణ్ణించొచ్చిందిరా నీకు" అని మెటికలు విరిచింది. బ్రాంకోకి ఆ మాట తెగ నచ్చేసింది. నెల తిరిగేసరికి, ప్రింటర్‌లో కాగితం ఇరుక్కుంటే నాకంటే ముందు తనే అనేవాడు, అచ్చం గుంటూరు మనిషిలా చివర సాగదీసి.

మధ్యాహ్నం లంచ్‌రూంలో అందరి కప్పులూ బల్ల మీద పరిచి వాళ్ళ దేశం కథ చెప్పేవాడు. పంచదార గిన్నె మూత వాళ్ళ దేశం. చుట్టూ ఉన్న కప్పులు పెద్ద దేశాలు. మొదటి యుద్ధంలో ఫ్రెంచివాళ్ళు, ఇంగ్లీషువాళ్ళు ప్రాణమిత్రులు. రెండో యుద్ధంలో అదే ఇంగ్లీషువాళ్ళు ముందు ఒక వర్గానికి తుపాకులు పంపారు, మధ్యలో వాళ్ళని గాలికొదిలేసి ఇంకో వర్గానికి పంపారు. తరవాత రష్యా పెద్దన్న అయింది. మూడేళ్ళు తిరక్కుండానే పెద్దన్నతో చెడింది. ఆ సందులో అమెరికా గోధుమలు పంపింది. చివరికి ఎవరితోనూ పొసగక మన ఇండియాతో, ఈజిప్టుతో కలిసి ఏ జట్టులోనూ చేరనివాళ్ళ జట్టు ఒకటి పెట్టుకున్నారు. చెబుతున్నంతసేపూ కప్పులు జరుగుతూనే ఉండేవి. నా కప్పు ఇండియా. దాన్ని మాత్రం మూత పక్కనుంచి కదిపేవాడు కాదు. "మీవాళ్ళు మాకు పెద్దగా ఇచ్చిందేమీ లేదు కొమ్షియా. కానీ మాట మార్చలేదు" అనేవాడు.

ఒకరోజు ఇదంతా విని, దీనికి మావైపు ఒక సామెత ఉందన్నాను. ఏరు దాటాక తెప్ప తగలేసినట్టు. అర్థం విప్పి చెప్పాను. తగలేయడమంటే మనం అనే ఆ మాటేనా అన్నాడు. మాట అదేగానీ అర్థాలు రెండన్నాను. మొదటిది నిప్పు పెట్టడం. రెండోది ఊరికే చిరాకు, నిట్టూర్పు, ఒక్కోసారి ముద్దు కూడా. సామెతలో నిప్పుంది, మా నాయనమ్మ నోట్లో లేదు. బ్రాంకో వేళ్ళు మడిచి లెక్కపెట్టుకున్నాడు, ఒకటి, రెండు అని. తను అనేది ఎప్పుడూ రెండోదేనన్నాడు. ఇద్దరం నవ్వుకున్నాం.

తొంభై తొమ్మిదిలో వాళ్ళ దేశం మీద బాంబులు పడ్డాయి. అమెరికా, దాని జట్టు దేశాలు వేశాయి. గోధుమలు పంపినవాళ్ళే, మొదటి యుద్ధంలో ప్రాణమిత్రులైనవాళ్ళే. పెద్దన్న రష్యా గట్టిగా ఖండించింది. ఖండిస్తే వంతెనలు నిలబడతాయా? వాళ్ళ పాలకుణ్ణి బ్రాంకో మొదటినుంచీ బండబూతులు తిట్టేవాడు. కొసోవోలో తమ సైన్యం చేసిన పనులు తలుచుకుంటే ముద్ద దిగదనేవాడు. బాంబుకి ఇవన్నీ ఎవరు చెబుతారు? నోవీ సాద్‌లో నది మీది మూడు వంతెనలూ కూలాయి. వాళ్ళమ్మ నదికి ఇవతల, ఆమెకి వారానికి మూడుసార్లు రక్తం శుద్ధి చేసే ఆసుపత్రి అవతల. తెప్పలాంటి పడవ మీద దాటించేవాళ్ళు. దాటించలేని రోజులూ ఉండేవి.

ఆమెని ఇక్కడికి తెచ్చుకోవడానికి బ్రాంకో వీసాకి పెట్టాడు. ఉద్యోగం ఉన్న కొడుకు హామీ ఇస్తేనే ఆ కాగితాలు కదులుతాయి. అంటే అతని ఉద్యోగమే ఆమెకి తెప్ప. ఇది నాకు తెలుసు. తెలియకుండా చేశానని అనుకోకండి, అందుకే ముందే చెబుతున్నాను.

సరిగ్గా ఆ నెలలోనే మా టీమ్ లీడర్ గ్రెగ్ ఒక మాట అన్నాడు. కొత్త సంవత్సరం తరవాత మా ఇద్దరిలో ఒకణ్ణే ఉంచుకుంటారట. నాకు కాంట్రాక్టు పోతే వీసా పోతుంది, వీసా పోతే పెట్టె సర్దుకోవాలి. భయపడ్డాను. భయం ఒక్కటే అయితే బాగుండేది. ఆ ముందువారం మీటింగులో నా ప్రోగ్రాం చూపిస్తూ బ్రాంకో, "ఇది మా కొమ్షియా రాసింది, ఇక దేవుడే దిక్కు" అని జోకేశాడు. అందరూ నవ్వారు. నేనూ నవ్వాను. లోపల మాత్రం కారం పూసినట్టయింది. నన్ను నిలబెట్టిన మనిషి ఒక్క జోకు వేస్తే ఓర్చుకోలేకపోయాను. ఇంత చిన్నవాణ్ణా నేను? అవును, అంత చిన్నవాణ్ణే.

నేను ఆ అర్థం చెప్పిన రోజుకి మూడు రోజులైంది అతనికి అమ్మతో ఫోను కలవక. పొద్దున టెస్టు మూడోసారి ఫెయిలైంది. బ్రాంకో రెండు చేతులతో బల్ల మీద చరిచి, "తగలెయ్య! మొత్తం తగలెయ్య!" అని అరిచాడు. ఫ్లోరంతా తలలు తిప్పి చూసింది. టీవీలో వాళ్ళ దేశం శత్రుదేశం కదా అప్పుడు. జనం అతన్ని చూసే చూపు అప్పటికే మారింది.

ఆ వెంటనే గ్రెగ్ నన్ను చిన్న గదిలోకి పిలిచి తలుపు వేశాడు.

"బ్రాంకో అరిచిన ఆ మాట వాళ్ళ భాషా?"

"కాదు, మాది."

"దానర్థం ఏంటి మేట్?"

ఇక్కడికొచ్చి ఆగిపోతాను ఎప్పుడూ. స్నానం చేస్తూ ఆగిపోతాను, కారు నడుపుతూ ఆగిపోతాను. రెండు అర్థాలూ నా నాలుక చివరే ఉన్నాయి. "ఏం లేదు, చిరాకొస్తే అనే మాట" అంటే అయిపోయేది. గ్రెగ్ నవ్వేసి పంపించేవాడు. ఏ అర్థం చెప్పాలో ఆలోచించానా? ఆలోచించలేదని చాలాకాలం నన్ను నేను నమ్మించుకున్నాను. కానీ ఆలోచించాను. నా మాట కోసం గ్రెగ్ పెన్ను పట్టుకుని ఎదురుచూడటం నాకు గుర్తుంది. ఆలోచించకపోతే అది గుర్తుండదు.

"నిప్పు పెట్టడం," అన్నాను.

"దేనికి?"

"నేను అడగలేదు."

చూశారా, అబద్ధం ఒక్కటీ లేదు! నిఘంటువు తెచ్చి వెతుక్కోమనండి. పొరుగువాడి మీద అబద్ధ సాక్ష్యం చెప్పొద్దని చిన్నప్పుడు సండే స్కూల్లో వల్లెవేయించిన ఆజ్ఞ ఉంది. నేను నిజమే చెప్పాను కదా అని దేవుడి దగ్గరే లాయరు తెలివి చూపించబోయాను. పొరుగువాడు. కొమ్షియా. ఆ మాటైనా ఆ క్షణాన చెవిలో మోగలేదు నాకు.

గంటలో బ్రాంకో బ్యాడ్జ్ తీసేసుకున్నారు. ఒక అట్టపెట్టె ఇచ్చి, సెక్యూరిటీ మనిషిని పక్కన పెట్టి లిఫ్టు దాకా నడిపించారు. నేను తేలు కుట్టిన దొంగలా స్క్రీన్ చూస్తూ కూర్చున్నాను.

సాయంత్రం నా తలుపు కొట్టాడు. లోపలికి రమ్మంటే రాలేదు, గుమ్మంలోనే నిలబడ్డాడు.

"నేను ఆఫీసుకి నిప్పు పెడతానన్నానట కొమ్షియా. ఇంగ్లీషులో నేను అలాంటి మాటే అనలేదు. ఆ మాట గురించి నిన్ను అడిగారా?"

"అడిగారు."

"రెండు అర్థాలన్నావు కదా. వాళ్ళకి ఏది చెప్పావు?"

"రెండోదే. ఊరికే అనే మాటని చెప్పా."

అతను గట్టిగా ఊపిరి వదిలాడు. నా భుజం మీద చెయ్యి వేశాడు. "నాకు తెలుసు, నువ్వు మాట మార్చవు" అన్నాడు. తరవాత, ఆ రెండు ముక్కలే ఒక కాగితం మీద రాసి సంతకం పెట్టి ఇమ్మన్నాడు. దాంతో పైవాళ్ళకి అప్పీలు చేసుకుంటాడట, ఉద్యోగం తిరిగొస్తే అమ్మ కాగితాలు ఆగవట. "రేపు రాసిస్తా" అన్నాను.

రాయలేదు. రాస్తే గ్రెగ్ ముందు నా గుట్టు బయటపడుతుంది. మర్నాడు పని ఎక్కువుందన్నాను. ఆ మర్నాడు తలనొప్పన్నాను. మూడోరోజు అతని అడుగుల చప్పుడు విని, స్టవ్ మీద పోపు మాడిపోతున్నా కదలకుండా నిలబడ్డాను. రెండుసార్లు తలుపు కొట్టి వెళ్ళిపోయాడు. మళ్ళీ అడగలేదు.

ఇంకొన్ని వారాలకి అతని తలుపుకి ఒక కాగితం అంటించి ఉంది. నల్లని అంచు, మధ్యలో తలకి గుడ్డ కట్టుకున్న ముసలామె ఫోటో, కింద వాళ్ళ లిపిలో నాలుగు వరుసలు. ఇంట్లో ఎవరైనా పోతే అలా తలుపుకి అంటించడం వాళ్ళ ఆచారమట. ఆమెని నేను చూడటం అదే మొదటిసారి. రోజూ ఆఫీసుకి వెళ్తూ ఒకసారి, వస్తూ ఒకసారి ఆవిడ ముందు నుంచి నడవాలి, వేరే దారి లేదు. ఆ కాగితం మీద ఒక్క అక్షరం నాకు అర్థం కాలేదు. అర్థాలు చెప్పడంలో అంత ఘనుణ్ణి!

ఉద్యోగం ఉంటే ఆమె బతికేదా? వీసా సమయానికి వచ్చేదా? తెలియదు. తెలియదు అనే మాట నాకు కొన్నాళ్ళు మందులా పనిచేసింది. ఇప్పుడు పనిచేయడం లేదు. ఇక్కడి డిసెంబరు ఎండాకాలం రాకముందే బ్రాంకో ఫ్లాటు ఖాళీ చేశాడు. మెల్‌బోర్న్‌లో ఏదో గోడౌన్‌లో పని దొరికిందన్నాడు. చెయ్యి కలిపి, "జాగ్రత్త కొమ్షియా" అన్నాడు. నా మొహంలోకి కొంచెం ఎక్కువసేపు చూశాడా? చూశాడనిపిస్తుంది ఒకరోజు. లేదనిపిస్తుంది ఇంకోరోజు.

జనవరి ఒకటిన ఏమీ కాలేదు. లైట్లన్నీ వెలిగాయి, కంప్యూటర్లన్నీ నడిచాయి. మా విభాగంలో నడిచింది చాలావరకు బ్రాంకో రాసిన కోడ్. అభినందనలు నాకొచ్చాయి. ఉద్యోగం, ఇక్కడే ఉండిపోవడానికి పీఆర్, పెళ్ళి, హారిసన్‌లో ఇల్లు, అన్నీ వరసగా వచ్చాయి. ఆ మాట మాత్రం నేను మళ్ళీ నోట పలకలేదు. అతని పేరు కంప్యూటర్లో టైపు చేస్తాను అప్పుడప్పుడూ. ఎంటర్ నొక్కకుండా చెరిపేస్తాను.

మొన్న మా అమ్మాయి కిచెన్‌లో టోస్ట్ మాడ్చుకుంది. ఇక్కడే పుట్టిన పిల్ల. తెలుగు అర్థమవుతుంది, జవాబులన్నీ ఇంగ్లీషే. అది ఉన్నట్టుండి "తగలెయ్య!" అంది. నా చేతిలో కాఫీ ఒలికింది. ఎక్కడ నేర్చుకున్నావే అంటే, ఫోన్‌లో మామ్మ, అంటే మా అమ్మ, అంటుందట. దానర్థం ఏంటో తెలుసా అని అడిగాను.

"ఏముంది డాడీ, జస్ట్ లైక్... డ్యామ్ ఇట్! వై?"

ఒక్క క్షణం పట్టలేదు దానికి. నాలుగు తెలుగు వాక్యాలు కలిపి మాట్లాడలేని పిల్ల, టోస్ట్ మీద మసి గీక్కుంటూ చెప్పేసింది. అక్కడే కుర్చీలో కూలబడి ఏడ్చాను. పిల్ల హడలిపోయింది. వేడి కాఫీ కాలి మీద పడిందని చెప్పాను. చూశారా, మళ్ళీ నిజమే చెప్పాను.

అందుకే ఇది రాస్తున్నాను. అతను అడిగిన కాగితం ఇదే. 'తగలెయ్య' అంటే ఏమీ కాదు. అమ్మ గొంతు వినపడని మనిషి అరిచిన అరుపు అది, అంతే. ఇది నాకు ఆ రోజే తెలుసు. ఇంతవరకూ రాసేసరికి చెయ్యి కాస్త తేలికైంది. సంతకం పెట్టడానికి మాత్రం ఇప్పటికీ ధైర్యం లేదు. క్షమించమని అడగను. అడిగితే క్షమిస్తాడేమోనని కూడా భయమే. గుమ్మంలో నిలబడి అతను అడిగిన ప్రశ్న ఒకటుంది కదా. దానికి జవాబు చెప్పి ఆపేస్తాను.

బ్రాంకో, వాళ్ళకి మొదటిది చెప్పాను.