మా ఇంట్లో మధ్యాహ్నాలు

మా ఫ్లాట్ నార్సింగిలో తొమ్మిదో అంతస్తు. హాలుకు పడమర వైపు బాల్కనీ. మధ్యాహ్నం రెండు దాటాక ఎండ లోపలికి వస్తుందని అమ్మినవాళ్లు చెప్పారు. అది గొప్పగా చెప్పారో, ముందే హెచ్చరించారో ఇప్పుడు గుర్తులేదు. నా భార్య మాత్రం ఆ మాట పట్టుకుంది.

ఆమెది మాదాపూర్‌లో ఒక కంపెనీలో జీతాల లెక్కలు చూసే ఉద్యోగం. పదమూడేళ్లుగా వేరేవాళ్ల జీతాలు లెక్కవేసి, మెడనొప్పికి పట్టీ వేసుకుని ఇంటికి వచ్చేది. ఆమెకు పెద్ద కోరికలేమీ లేవు. ఉద్యోగం మానేసి ఇంట్లో ఉండాలి, అంతే. "సెలవు రోజులు లెక్కలోకి రావండీ. ఉతుకులు, కూరలు, పాప హోంవర్కు. మామూలు రోజు, ఎవరూ లేనప్పుడు, మధ్యాహ్నం ఈ ఇల్లు ఎలా ఉంటుందో చూడాలి" అనేది. వినడానికి చాలా చిన్న కోరిక. అందుకే ధైర్యంగా మాటిచ్చాను.

ఇల్లు కొనకముందు పదేళ్లు మియాపూర్‌లో అద్దెకుండేవాళ్లం. నెలకు పదిహేడు వేలు. ఇంటావిడ పెద్ద మనిషి, బస్సు డిపో వెనక గల్లీలో పుట్టి అక్కడే పెరిగింది. మేం ఖాళీ చేస్తున్నామని చెబితే నమ్మలేనట్టు చూసింది.

"ఏంది సార్, గిప్పుడే పోతరా? కిరాయి పెంచుతనని భయపడ్తున్నరా? పెంచ. ఫికర్ జెయ్యకుండ్రి."

"అది కాదండి, సొంతిల్లు తీసుకుంటున్నాం. ఇన్నాళ్లూ కట్టిన అద్దె మాకేం మిగిల్చింది చెప్పండి?" అన్నాను. ఆమె ముఖం మీదే అన్నాను. పదేళ్లు మా పాపను సొంత మనవరాలిలా చూసుకున్న మనిషితో అలా మాట్లాడినందుకు ఇప్పటికీ నా మీద నాకు కోపం.

గృహప్రవేశానికి ఆమె జాకెట్టు ముక్క, అరడజను అరటిపళ్లు పట్టుకుని వచ్చింది. పాలు పొంగాక ఇల్లంతా తిరిగి చూసి, "మంచిగున్నది సార్. ఎన్నేండ్లు కట్టాలె?" అని అడిగింది.

"ఇరవై."

"ఇరవయ్యేండ్లా! జర పైలం."

నాకు నవ్వొచ్చింది. నేను సాఫ్ట్‌వేర్‌లో పద్దెనిమిదేళ్లుగా టెస్టర్ని. అందులో ఆరేళ్లు ఒక విదేశీ బ్యాంకు ప్రాజెక్టులోనే ఉన్నాను. అప్పుల సాఫ్ట్‌వేర్‌లో తప్పులు పట్టడమే నా పని. నాకు జాగ్రత్తలు చెప్పేది ఈవిడా అనుకున్నాను.

ఫ్లాట్ ఎనభై అయిదు లక్షలు. మేం దాచుకున్న డబ్బు, నా పీఎఫ్, ఆమె గాజులు, గొలుసు కలిపితే పాతిక తేలింది. మిగతా అరవై అప్పు. ఏడు శాతం వడ్డీ, ఇరవై ఏళ్ల గడువు, నెలకు నలభై ఆరున్నర వేల వాయిదా. బ్యాంకులో సంతకాలకు నలభై నిమిషాలు పట్టింది. ఎక్కడ పెన్సిల్ టిక్కు ఉంటే అక్కడ సంతకం పెట్టుకుంటూ పోయాను. ఆఫీసులో ఒక్క స్క్రీన్‌లో కామా తప్పిపోతే ఊరుకోని మనిషిని, నా సొంత కాగితాల్లో ఒక్క పేజీ చదవలేదు.

ఆ సాయంత్రమే మా ఇద్దరి మధ్య ఒప్పందం కుదిరింది. నాలుగేళ్లు ఇద్దరం కడతాం. ఇరవైలో నాలుగంటే ఐదో వంతు, అంటే పన్నెండు లక్షలు తీరిపోతుంది. అప్పటికి ఆమె ఆఫీసులో వేస్తున్న చీటీ కూడా పాడుకోవచ్చు, అదొక ఐదు లక్షలు. రెండూ పోతే మిగిలేది నలభై మూడు. అప్పుడు వాయిదా తగ్గించమని బ్యాంకును అడిగితే, నా ఒక్క జీతంతో ఇల్లు నడిచిపోతుంది. పాప తొమ్మిదో తరగతికి వచ్చేనాటికి ఆమె ఇంట్లో ఉంటుంది. ఈ లెక్క నేనే వేశాను. ఐదో తరగతి పిల్లలు వేసే లెక్క అది. జీతాల లెక్కలు చూసే ఆమె కూడా నా మాట నమ్మి, మళ్లీ వేసి చూడలేదు.

ప్రతి నెలా ఐదో తేదీన వాయిదా పోగానే గోడమీది క్యాలెండర్‌లో ఆ గడిలో ఆమె కుంకుమ బొట్టు పెట్టేది. ఏడాది అయిపోయాక ఆ క్యాలెండర్‌ను చుట్టచుట్టి ఫ్రిజ్ వెనక దాచేది. నలభై ఎనిమిది బొట్లు పడాలి. మధ్యలో ఎప్పుడైనా ఆఫీసులో చివాట్లు తిని వస్తే, చెప్పులు కూడా విప్పకుండా క్యాలెండర్ దగ్గరికి వెళ్లి నిలబడేది.

ఏడాదిన్నర గడిచేసరికి వడ్డీలు పెరగడం మొదలైంది. క్యాంటీన్‌లో ఎవరిని కదిలించినా అదే గోల. ఒకతనికి వాయిదా ఐదు వేలు పెరిగిందట, ఇంకొకతనికి ఏడట. నాకూ మెసేజ్ వచ్చింది. వడ్డీ ఎనిమిదీ ముప్పావుకు మారిందని, వాయిదాలో మార్పు లేదని. రెండో ముక్కే నా కంటికి ఆనింది. ఆ తర్వాత కూడా ప్రతి నెలా వాయిదా అదే నలభై ఆరున్నర. నా సిబిల్ స్కోరు బాగుంది కాబట్టి బ్యాంకు నన్ను గౌరవంగా చూస్తోందని నిజంగా అనుకున్నాను. ఇంటికి వచ్చి ఆ మాటే భార్యతో చెప్పి జబ్బలు చరుచుకున్నాను. ఆ ఆదివారం ముగ్గురం బయటికి వెళ్లి బిర్యానీ తిన్నాం. ఆ పూట తలచుకుంటే ఇప్పటికీ సిగ్గేస్తుంది.

ఈ ఏడాది పాప తొమ్మిదో తరగతిలోకి వచ్చింది. నలభై ఎనిమిదో బొట్టు పడింది. ఆమె రాజీనామా ఈమెయిల్ రాసి పెట్టుకుంది. "చీటీ డబ్బు చేతికొచ్చిన మర్నాడు పంపిస్తానండీ" అంది. అందులో రెండు వాక్యాలే ఉన్నాయి. నాకు మూడుసార్లు చదివి వినిపించింది.

సరిగ్గా అప్పుడే ఆఫీసులో కొత్త మాడ్యూల్ వచ్చింది. మధ్యలో వడ్డీ మారితే అప్పు ఎలా నడుస్తుందో లెక్కగట్టే మాడ్యూల్. పరీక్షించడానికి ఒక ఉత్తుత్తి ఖాతాదారు కావాలి. లేని మనిషిని, లేని అంకెలను కల్పించడానికి బద్ధకమేసి, నావే వేశాను. నా వయసు, నా అరవై లక్షలు, నా ఏడు శాతం, నా ఇరవై ఏళ్లు. ఏడాదిన్నరకు వడ్డీ ఎనిమిదీ ముప్పావు అయిందని పెట్టాను, మాకు అయింది అంతే. నలభై ఎనిమిది వాయిదాల తర్వాత పరిస్థితి చూపమన్నాను.

స్క్రీన్ మీద వచ్చిన అంకెలు చూసి నవ్వుకున్నాను. కట్టిన మొత్తం ఇరవై రెండు లక్షల ముప్పై మూడు వేలు. తీరిన అసలు మూడు లక్షల అరవై మూడు వేలు. మిగిలిన గడువు ఇరవై నాలుగున్నరేళ్లు. ఇరవై ఏళ్ల అప్పు నాలుగేళ్లు కట్టాక ఇరవై నాలుగున్నరేళ్లు మిగలడమేంటి! మంచి తప్పు దొరికిందనుకున్నాను. స్క్రీన్ ఫొటో తీసి, "గడువు తగ్గాల్సింది పోయి పెరుగుతోంది, వెంటనే సరిచేయాలి" అని రాసి, తీవ్రమైన డిఫెక్ట్‌గా నమోదు చేశాను. ఆ పూట టీ కూడా హుషారుగా తాగాను.

గంటలో ఆ కోడ్ రాసిన అమ్మాయి నా సీటు దగ్గరికి వచ్చింది. చిన్నమ్మాయి, ఉద్యోగంలో చేరి రెండేళ్లు కూడా కాలేదు.

"సార్, మీరేసిన డిఫెక్ట్ వాపస్ పంపిన. ఇది డిఫెక్ట్ కాదు సార్, డిజైనే గట్లుంది."

"ఎలా కాదమ్మా? నాలుగేళ్లు కట్టాడు కదా?"

"కట్టిండు సార్. కానీ వడ్డీ పెరిగింది, వాయిదా పెరగలె. అదే వాయిదాల వడ్డీకే ఎక్కువ పోతది, అసలుకు జరంత పోతది. ఇగ గడువు సాగుడే కదా. గిండ్లనే రాసుంది చూడుండ్రి." నాకిచ్చిన నిబంధనల కాగితాన్నే తెరిచి వేలుపెట్టి చూపించింది. వడ్డీ పెరిగినప్పుడు వాయిదా మారకూడదు, గడువు పెరగాలి. ఆ నిబంధనను రెండు నెలల కిందట సరిచూసి, సరిగ్గా ఉందని ఆమోదించింది నేనే.

"పాపం సార్, గీ కస్టమర్‌కి అరవై ఏడు నిండేదాంక తీరదు" అని నవ్వి, "డమ్మీయే కదా" అంటూ వెళ్లిపోయింది.

ఫోన్‌లో బ్యాంకు యాప్ తెరిచాను. నాలుగేళ్లలో ఆ పేజీ ఒక్కసారి కూడా తెరవలేదు. మిగిలిన వాయిదాలు రెండు వందల తొంభై అయిదు, అంటే ఇరవై నాలుగున్నరేళ్లు. కంప్యూటర్ చెప్పింది అక్షరాలా అదే.

మర్నాడు భోజనం వేళ బ్యాంకుకు వెళ్లాను. అక్కడి ఆఫీసరు మర్యాదస్తుడే. "మెసేజ్ పంపాం కదండి. వాయిదా పెంచాలా, గడువు పెంచాలా అని మీరే ఎంచుకోవచ్చని కూడా రాశాం. మీ నుంచి జవాబు రాకపోతే గడువే పెంచుతామండి" అన్నాడు. ఇప్పుడు మొదటి గడువుకే తీరాలంటే ఎంతని అడిగాను. నెలకు యాభై నాలుగున్నర వేలకు పైనే అన్నాడు. ఇలాగే వదిలేస్తే మొత్తం ఎంతవుతుందని అడిగాను. అతను క్యాలిక్యులేటర్ నా వైపు తిప్పాడు. అరవై లక్షల అప్పుకు దగ్గర దగ్గర కోటీ అరవై లక్షలు. అతని మీద అరవాలనిపించింది, కానీ అతను చేసిన తప్పేమీ లేదు.

పదకొండు రోజులు ఆమెకు చెప్పలేదు. చెప్పడానికి భయపడ్డాను, అంతకుమించి వేరే కారణం లేదు. ఆ రోజుల్లోనే ఆమె బాల్కనీకి రెండు పూలకుండీలు, ఒక ప్లాస్టిక్ కుర్చీ కొంది. బాల్కనీ ఎదురు స్థలంలో ఇంకో టవర్ లేస్తోంది, అప్పటికి ఐదో అంతస్తు స్లాబు పడింది. క్రేన్ చప్పుడుకు తలుపు మూసుకోవాల్సి వచ్చేది. "పగలు ఈ చప్పుడు ఎలా ఉంటుందో ఏమో, అలవాటు చేసుకోవాలి" అంది. నేను తల దించుకుని అన్నం తిన్నాను.

చీటీ డబ్బు శనివారం వచ్చింది. ఆదివారం పొద్దున్న ఆమె బియ్యం కడుగుతుంటే వంటింటి గుమ్మంలో నిలబడి మొత్తం చెప్పేశాను. ఆఫీసు సంగతి, బ్యాంకు సంగతి, అన్నీ. పన్నెండు లక్షలు తీరాయనుకున్నది మూడున్నరేనని కూడా చెప్పాను. ఆమె కుళాయి కట్టేసింది.

"ఆ మియాపూర్ ఇంట్లోనే ఉండుంటే ఈ నాలుగేళ్లకు ఎంతయ్యేదండీ?"

"ఎనిమిది లక్షల చిల్లర."

"మనం వడ్డీ ఎంత కట్టాం?"

"పద్దెనిమిదిన్నర పైనే."

ఆమె తిట్టలేదు. తిడితే బాగుండేది. చేతులు తుడుచుకుని వచ్చి, చీటీ డబ్బు మొత్తం అప్పులో వెయ్యమంది. వాయిదా పెంచమని కూడా రాసిమ్మంది. "మీరొక్కరూ ఎక్కడ కడతారు? అరవై ఏడేళ్లకు మీకు ఎవరిస్తారు జీతం?" అంది. తర్వాత మంచం మీద కూర్చుని ఫోన్‌లో ఆ రెండు వాక్యాల ఈమెయిల్ తీసేసింది. నేను గుమ్మంలోంచి చూస్తూనే ఉన్నాను. ఆపే ధైర్యం నాకు లేదు, ఆపే డబ్బూ లేదు.

మరుసటి నెల ఐదో తేదీన వాయిదా పోయినట్టు మెసేజ్ వచ్చింది. క్యాలెండర్‌లో బొట్టు పడలేదు.

ఆ తర్వాత ఒక బుధవారం ఆమె ఒంట్లో బాగాలేదని ఆఫీసుకు సెలవు పెట్టింది. పాప బడికి వెళ్లింది. మధ్యాహ్నం మూడింటికి ఎలా ఉందోనని ఫోన్ చేశాను. వెనక క్రేన్ చప్పుడు వినిపిస్తోంది.

"జ్వరమేం లేదండీ. ఊరికే పెట్టాను" అంది. "బాల్కనీలో కుర్చీ వేసుకుని కూర్చున్నా. ఎండ హాలంతా దాటి దేవుడి అల్మారా దాకా వచ్చింది. ఇంత వెలుతురు వస్తుందనుకోలేదు. భలే ఉంది."

"కూర్చో మరి, హాయిగా" అన్నాను.

"ఎదురు టవర్ ఏడో అంతస్తుకు వచ్చిందండీ. వాచ్‌మన్‌ని అడిగితే మొత్తం ముప్పై అన్నాడు." అంది. "ఇంకో మూడు నెలలు వస్తుందేమో ఈ ఎండ. అందుకే ఇవాళ సెలవు పెట్టాను."