రిలీవర్ వచ్చేదాకా

సెక్టర్ 6లో మా పక్క క్వార్టర్ మావయ్య స్టీల్ ప్లాంటులో క్రేన్ ఆపరేటరుగా రిటైరయ్యారు. రైళ్లను పట్టాలు మార్చి నడిపే ఓ పాత కంప్యూటర్ ఆటంటే ఆయనకు ప్రాణం. నా లాప్‌టాప్‌లో పాత కంప్యూటర్‌లా పనిచేసే వర్చువల్ మెషీన్ పెట్టి, ఆనాటి ఆపరేటింగ్ సిస్టంతో సహా ఆ ఆట ఎక్కించాను. రోజూ వచ్చి ఆడేవారు. టీకి లేవాలన్నా నన్ను కేకేసి, నేను కూర్చున్నాకే కుర్చీ వదిలేవారు.

"పాజ్ నొక్కితే చాలు మావయ్యా, అంతా ఆగిపోతుంది."

"తర్వాతి షిఫ్టు రిలీవర్ రాకుండా క్రేన్ కేబిన్ దిగిపోతారేటి?"

ఆయన క్వార్టర్ ఖాళీ చేసిన రోజు కూడా, సామాన్ల లారీ హారన్ కొడుతున్నా, నేను కూర్చునేదాకా ఆయన లేవలేదు. "రెండో లైన్లో గూడ్స్ ఆపేను, సూసుకో" అని నా భుజం తట్టి వెళ్లిపోయారు.

సాగనంపాలని లేవబోయాను. పాజ్ మీదికెళ్లిన చేయి ఆగిపోయింది.

"దీదీ, జల్దీ వచ్చి ఇక్కడ కూకో!" అని లోపలి గదిలో ఉన్న అక్కను కేకేశాను.