దేవన్నకు దొరికిన రాయి

ఏడేళ్లుగా ఒక మాట లోపల పెట్టుకుని తిరుగుతున్నాను. నా భార్యకు కూడా చెప్పలేదు. మీరెవరో నాకు తెలియదు కాబట్టి మీకు చెప్పగలుగుతున్నాను.

మాది పత్తికొండ వైపు ఒక పల్లె. తొలకరి వాన పడితే మా ఎర్రచేలల్లో జనం వజ్రాల కోసం తలలు వంచుకుని పొద్దుగూకేదాకా వెతుకుతారు. ఆ రోజుల్లో మేం నలుగురు స్నేహితులం ప్రాంక్ వీడియోలు తీసేవాళ్లం. మొదట్లో ఒకరినొకరం ఆటపట్టించుకుని కడుపుబ్బ నవ్వేవాళ్లం. ఆ నవ్వులో అంత రుచి ఎందుకుండేదో ఇప్పుడు తెలుస్తోంది. ఈరోజు నేను మోసపోయినా రేపు నా వంతు వస్తుంది. ఆ వంతు ఉంది కాబట్టే అది ఆట. కొన్నాళ్లకు వీడియోలు చూసేవాళ్లకు మా ముఖాలు పాతబడ్డాయి. కొత్త మనిషి కావాలనుకున్నాం. దేవన్న పేరు చెప్పింది నేనే.

దేవన్న చర్చి పక్క ఇంట్లో ఉండేవాడు. ఊళ్లో రెడ్డి చేను ఏటా కౌలు కట్టి గుత్తకు తీసుకుని వేరుశనగ వేసేవాడు. రోజూ వజ్రాల కోసం ఏ దారిన వెతుకుతాడో నాకు తెలుసు. పాత హారంలోంచి ఊడదీసిన గాజురాయిని పచ్చి వజ్రంలా కనబడేలా బండకు రుద్ది, ఆ దారిలో సగం పూడ్చాను. గట్టు వెనక నుంచి ఫోనులో తీశాం. రాయి కనబడగానే అతను మోకాళ్ల మీద కూర్చుని ప్రార్థన చేశాడు. మేం నోళ్లు మూసుకుని నవ్వాం.

మరునాడు మాలో ఒకడు వ్యాపారి వేషంలో వచ్చి అది గాజని తేల్చాలి. ఈలోగా ఆ సాయంత్రమే దేవన్న మా ఇంటికి వచ్చాడు.

“నీకొక్కనికే చెప్తాండానప్పా. రాయి దొరికింది.”

“యాడ దాచినావు దేవన్నా?”

“బియ్యం డబ్బాలో. మా ఆడమనిషికీ చెప్పలే. దానికి చెప్తే చర్చిలో మైకు పెట్టి చెప్పినట్లే.” నవ్వాడు. “పొద్దున్నే రెడ్డి దగ్గరికి పోతాండా. ఈ ఏడు గుత్త వద్దని చెప్పేస్తా. ఆ చేను కోసం శానామంది కాసుకోనుండారు.”

“నీ ఇష్టం,” అన్నాను.

ఒక్క మాట చాలు, ఆగిపోయేవాడు. ఎందుకు చెప్పలేదు? స్నేహితులకు భయపడ్డానా? అలా అనుకుంటే కొంత సులువుగా ఉండేది. నిజం అది కాదు. గాజని విన్నప్పుడు అతని ముఖం ఎలా మారుతుందో చూడాలని నాకే ఉంది.

పొద్దున అతను చేను వదిలేశాడు. మధ్యాహ్నం వ్యాపారి వేషంలో వెళ్లిన మావాడు రాయి గాజని చెప్పి, ఫోనులో మేం తీసిన వీడియో చూపించాడు. దేవన్న కాసేపు చూసి తనూ నవ్వాడు. తర్వాత రెడ్డి ఇంటికి పరుగెత్తాడట. అప్పటికే చేను ఇంకొకరికి ఖాయమైపోయింది. ఆ ఏటి నుంచి అతను కూలికే పోతున్నాడు.

తొందరపడి తానే చెడగొట్టుకున్నానని అందరితో అంటాడు. ఊరూ అదే నమ్ముతోంది. ఎదురైతే ముందుగా అతనే పలకరిస్తాడు. క్షమించమని అడిగే ధైర్యం లేదు. అడిగితే వెంటనే క్షమించేస్తాడేమోనని మరో భయం.

అతను చేను వదులుకోబోతున్నాడని నాకు ముందురోజే తెలుసు. తెలిసే ఊరుకున్నాను. ఈ రెండు ముక్కలు ఇంతవరకు ఎక్కడా అనలేదు. ఇప్పుడన్నాను.