అనని మాట

పక్క దుకాణంలో దర్జీ మిషన్ తొక్కినప్పుడల్లా నా చేతిలో పని ఆగిపోతుంది. కమలా దీదీ కెమెరా అచ్చం అలాగే గరగరలాడేది. గడియారానికి కీ ఇచ్చినట్టు తిప్పితే అరనిమిషం నడిచి ఆగిపోయేది.

డెబ్బయ్యవ దశకం చివర్లో ఆమె బొంబాయి నుంచి పటాన్‌చెరు వచ్చారు, కొత్త కార్ఖానాల పక్కనున్న ఊళ్ల మీద డాక్యుమెంటరీ తీయడానికి. ఆమెకు తెలుగు రాదు. మా కిరాణా దుకాణంలో నేను హిందీ పుస్తకం చదువుతుండగా చూసి, తర్జుమా చేసిపెడతారా అని అడిగారు. ఏడో తరగతితో బడి మానేసినవాణ్ణి. సంగారెడ్డి గ్రంథాలయంలో అరలకు అరలు చదివానన్న గర్వం మాత్రం నిండుగా ఉండేది. వెంటనే ఒప్పుకున్నాను.

దీదీకి ఒక పద్ధతి ఉండేది. ఎవరినైనా వాళ్లకు సులువైన భాషలోనే మాట్లాడనిచ్చేవారు. తర్వాత వాళ్ల ఎదుట కూర్చుని, సినిమాలో వాళ్ల మాటగా వేయబోయేది చదివి వినిపించేవారు. వాళ్లు సరేనన్నాకే వాడేవారు. రోజులు వృథా అని నేను విసుక్కునేవాణ్ణి.

కార్ఖానా నీళ్లు కలిసిన వాగులో తాగి, ఊళ్లో పాలమ్మే ఎల్లమ్మ పాడిబర్రె చచ్చిపోయింది. ఆ నీళ్లు శుభ్రం చేసి వదలమని మాత్రమే ఆమె టేపులో చెప్పింది. నాకది చప్పగా తోచింది. పుస్తకాల్లో చదివిన ఆవేశమంతా కుమ్మరించి, "ఈ విషపు కార్ఖానాను మూసేయండి" అని హిందీలో రాసిచ్చాను. వినిపించేటప్పుడు మళ్లీ తెలుగులో చెప్పేది నేనే కదా అని ధీమా. దీదీకి ఆ మాట ఎంతో నచ్చింది. సినిమా దానితోనే ముగిద్దామన్నారు.

ఎల్లమ్మ ఇరవై ఏళ్లుగా ముస్లింల గల్లీల్లో పాలు పోస్తుందని, హిందీ ఆమెకు బాగానే అర్థమవుతుందని నేను ఆలోచించనే లేదు. దీదీ హిందీలో చదవగానే, నా తెలుగు కోసం ఆగకుండా ఎల్లమ్మ నా వైపు తిరిగింది.

"ఏంది సేటూ, మూసెయ్యమని నేనెప్పుడన్న? మా పెద్దోడు గాడ్నే పనిచేస్తుండు. బర్రె ఎట్లనో పాయె, ఇగ వాని కొలువు గూడ పోగొడ్తవా? గన్ని బుక్కులు సదివినవ్, జెర నన్నొక మాట అడగరాదా?"

ఆమె అన్నది దీదీకి హిందీలో చెప్పక తప్పలేదు. అయినా నేను వాదించాను. మెత్తని మాటకు ఎవరూ కదలరని, ఆ ఒక్క వాక్యం ఉంటేనే వాగు బాగుపడుతుందని అన్నాను. దీదీ తానూ ఆ వాక్యానికి ఆశపడ్డానని ఒప్పుకున్నారు. ఆపైన దాన్ని కొట్టేసి కాగితం నా చేతికిచ్చారు.

"మీ కోపం మీ పేరుతో రాయండి. ఆమె నోట పెట్టకండి," అన్నారు.

మిగతాది కూడా తీసేయమంటారా అని దీదీ అడిగితే ఎల్లమ్మ తల అడ్డంగా ఊపింది.

"నేనన్నది ఉండనీ. నీళ్లు మంచిగ చేసి ఇడువుమన్న. గది ఎవలడిగినా అంట."

సినిమా చప్పగానే ముగిసింది. వాగు ఆ తర్వాత కూడా ఏళ్ల తరబడి నురగలు కక్కుతూనే ఉంది. నా వాక్యం ఉండి ఉంటే ఏమయ్యేదో నాకిప్పటికీ తెలియదు. ఎల్లమ్మ కొడుకు మాత్రం ఆ కొలువుతోనే పిల్లలను చదివించుకున్నాడు.

ఇప్పుడు చుట్టుపక్కల వాళ్లు అర్జీలు రాయించుకోవడానికి నా దగ్గరికి వస్తారు. మొత్తం చదివి వినిపించందే వేలిముద్ర వేయనివ్వను. మొన్న ఒక ముసలాయన, బస్సు పోతుందని సణుగుతూనే విని, మధ్యలో కాగితం మీద చేయి పెట్టాడు. గది నేనన్లే అన్నాడు. ఎంతో బాగా కుదిరిన వాక్యం. కొట్టేశాను.