పల్లపు చేలో పాతిన కర్ర

1968లో నన్ను తెనాలి నుంచి రేపల్లెకు వెటర్నరీ అసిస్టెంట్ సర్జన్‌గా బదిలీ చేశారు. మా పని ఎక్కువగా గేదెలతో, ఎడ్లతో. కోతలయ్యాక మాత్రం బాతుల మందలు వచ్చేవి. కాపరులు వాటిని చేను నుంచి చేనుకు తోలుకుంటూ, రాలిన వడ్లూ నత్తలూ మేపుకుంటూ బాపట్ల వైపు సాగిపోయేవారు. ఎరువు దక్కుతుంది గనక రైతులు అడ్డు చెప్పేవారు కాదు.

ఆ జనవరిలో ఏడుకొండలు, మంగమ్మ అనే దంపతులు అప్పుడే చచ్చిన బాతును గంపలో పెట్టుకుని ఆసుపత్రికి వచ్చారు. ఆ మంద తప్ప వాళ్ళకు వేరే ఆధారం లేదు. కోడికి జబ్బు చేస్తే చూడగానే తెలుస్తుంది. బాతు అలా కాదు, చచ్చేదాకా పరువు కాపాడుకుంటుంది. కోసి చూస్తే పేగు నిండా చిన్న జలగల్లాంటి చదును పురుగులు. వీటి గుడ్లు రెట్టతో పాటు నీళ్ళలో పడతాయి. పిల్లపురుగులు నత్తల్లో పెరుగుతాయి. ఆ నత్తను తిన్న బాతుకు జబ్బు వస్తుంది.

మందకంతా పరగడుపున మందు పట్టించాం. రెట్ట ఎత్తించి, సున్నం చల్లి పూడ్పించాను. కొన్నాళ్ళు బాతులను మెరక మీదే ఉంచి, నత్తల జోలికి పోనివ్వొద్దన్నాను.

"నత్త తినకపోతే బాతేం తింటదండి?" అంది మంగమ్మ. ఊళ్ళో అడిగి తవుడూ నూకలూ ఇప్పించాను.

అసలు కష్టం రెండో సలహాతో వచ్చింది. వీళ్ళ వెనకే మరో మంద వస్తోంది. వీళ్ళు మేపిన పల్లపు చేను ఆరేదాకా అందులో ఏ బాతూ దిగకూడదు. గట్టు మీద తాటాకు కట్టిన కర్ర పాతి, ఎందుకు పాతారో వచ్చేవాళ్ళకు చెప్పమన్నాను.

"కర్ర పాతితే మా మందకు జబ్బని ఊళ్ళన్నిటికీ తెలిసిపోద్దండి. ఇంక మమ్మల్నెవరు రానిస్తారు?" అని మంగమ్మ ఏడ్చింది. ఏడుకొండలు, "వాళ్ళవీ బాతులే గదే," అని భార్యతో అని, కర్ర తనే పాతాడు.

వెనక మంద కర్ర చూసి కాలవ దాటి వెళ్ళిపోయింది. వీళ్ళ బాతులూ కోలుకున్నాయి. కానీ కబురు వీళ్ళకంటే ముందే దారిలోని కాకుమాను ఊరు చేరింది. అక్కడి రైతులు గట్ల మీద నిలబడి మందను ఆపేశారు. నేను బస్సెక్కి వెళ్ళి, జబ్బు నయమైందని నచ్చజెప్పబోయాను. "మీ మాట నిజమే అయ్యుండొచ్చు డాక్టరు గారూ, మా చేలోకి మాత్రం వద్దండి," అన్నాడు వాళ్ళలో పెద్దాయన, మర్యాదగానే.

మేత లేక దంపతులు బాతులన్నిటినీ మాంసానికి అమ్మేసుకున్నారు. అప్పటికి వాటిలో జబ్బు బాతు ఒక్కటీ లేదు.

మరుసటి ఏడు మందలు మామూలుగానే వచ్చాయి. చచ్చిన బాతును ఆసుపత్రికి తెచ్చిన కాపరి ఒక్కడూ లేడు. పాటించినవాడే నష్టపోయే సలహాను, అది ఎంత సరైనదైనా, రెండోసారి ఎవరూ అడగడానికి రారని తెలిసింది. అప్పటి నుంచి నేను కోతలకు ముందే, జబ్బు నయమైన మందను చేలోకి రానివ్వమని రైతులతో మాట్లాడి, ఆ తర్వాతే కాపరుల దగ్గరికి వెళ్ళేవాణ్ణి.