గోడ మీద నీటి మరక

ఫ్లైఓవర్ ఇంజనీరు తన పంజాగుట్ట ఆఫీసులో మూడుసార్లు నన్ను నిలబెట్టే మాట్లాడాడు. కుర్చీ చూపలేదు. అది నేను మరిచిపోలేదు.

అమీర్‌పేటలో మా బస్తీ పక్కనున్న వాననీటి నాలాలో ఫ్లైఓవర్ స్తంభం వేస్తే ఇళ్లు మునుగుతాయని నా అర్జీ. ఆయనకు ఏ గోడనైనా అరచేత్తో తడిమే అలవాటు. ఒకరోజు వచ్చి మా వంటింటి గోడ తడిమి, పోయిన వానాకాలం వరద వదిలిన మోకాలెత్తు మరక దగ్గర ఆగాడు.

"నీళ్లు గింత ఎత్తు వచ్చినయా, అన్నా?"

"అర్జీల అదే రాసిన గద సార్!"

"అర్జీకి తడి అంటదు గదన్నా," అని నవ్వాడు.

ప్లానులో స్తంభం గట్టు మీదికి జరిగింది, నాలా వెడల్పయింది. ఈ వానాకాలం ఫ్లైఓవర్ మీద బండ్లు తిరుగుతున్నాయి, నీళ్లు మా గడప దాటలేదు.

ఆరోజు నేనూ ఆయనకు కుర్చీ వేయలేదు. ఈసారి వస్తే వేస్తాను.